ఆదివారాలు లేని మనిషి

యూనివర్సిటీ వెనక ఉన్న పాత వ్యాయామశాలలో బంతులు విసిరే యంత్రం మధ్యాహ్నం నుంచీ ఆగకుండా పనిచేసింది. దానికి ఎదురుగా నతనయేలు అటూ ఇటూ ఉరుకుతూ, వంగుతూ, ఎగురుతూ బంతులు పట్టాడు. కోలగా, రెండు కొసలూ మొనదేలి ఉండే అమెరికన్ ఫుట్‌బాల్ బంతి అది. ఒడుపు తెలియకుండా పడితే వేళ్ళు విరుస్తుంది. పట్టినప్పుడల్లా అతను నవ్వాడు, యంత్రాన్ని వెక్కిరించాడు, గోడవారగా కూర్చున్న అక్క కృపతో వేళాకోళాలాడాడు. సాయంత్రానికి అక్క వేసిన సూదిమందు దిగింది. అతను కుర్చీలో చేరగిలబడి, నీళ్ళు తాగి, అక్కవైపు చూశాడు.

"ఇంకెప్పుడు మొదలుపెడదామక్కా?"

కృప అతని రెండు చేతులూ పట్టుకుని అరచేతులు పైకి తిప్పింది. అవి ఎర్రగా కంది, వేళ్ళ మొదళ్ళలో తోలు లేచిపోయి ఉన్నాయి.

"అయిపోయిందిరా నత్తా," అంది.

ఇంట్లో అతని పేరు నత్త. ఏడాదిన్నర దాటినా నడవలేదని తల్లి సువార్తమ్మ బెంగపడి పెట్టుకున్న పేరది. ఆవిడ గుంటూరులో మిషన్ ఆసుపత్రి నర్సు. ఆ పనిమీదే అమెరికాలోని మెంఫిస్ నగరానికి వచ్చి స్థిరపడింది. కృప గుంటూరులో పుట్టింది, నతనయేలు మెంఫిస్‌లో పుట్టాడు, భర్త తొందరగానే పోయాడు. ఆలస్యంగా కాళ్ళొచ్చిన పిల్లవాడు నడక సంగతే మరిచిపోయి ఏకంగా పరుగందుకున్నాడు. పదేళ్ళొచ్చేసరికి చర్చి వెనక మైదానంలో వాణ్ణి ముట్టుకోగలిగినవాడు లేడు. వీధి పిల్లలు నేట్ అని పిలిచి తమ జట్టులో కలుపుకున్నారు. బంతి ఎంత దూరం విసిరినా అది కిందికి దిగే చోట వాడు ఉండేవాడు.

"ఆదివారం పూట ఆరాధనకి పోవాలగానీ, ఈ కుమ్ములాటేందిరా?" అని సువార్తమ్మ మొదట్లో గొణిగింది. తర్వాత్తర్వాత ఆరాధన ముగియగానే చీరమీద ఉన్నికోటు తొడుక్కుని మైదానానికి వెళ్ళి, అందరికన్నా గట్టిగా ఆవిడే అరిచేది.

కాలేజీలో అతను వైడ్ రిసీవర్ అయ్యాడు. ఆటగాళ్ళ బారుకి చిట్టచివర నిలబడేవాణ్ణి అలా అంటారు. ఆట మొదలవగానే ప్రాణం మీదికొచ్చినట్టు ముందుకు ఉరకాలి. వెనకనుంచి క్వార్టర్‌బ్యాక్ అనే ఆటగాడు విసిరిన బంతిని మెడ తిప్పి గాల్లోనే అందుకోవాలి. కళ్ళు బంతిమీద ఉంటాయి కాబట్టి పక్కనుంచి వచ్చే మనిషి కనబడడు. ఆ వచ్చే మనిషి పనల్లా ఇతన్ని పడగొట్టడమే. అలా పడగొట్టిన ఒక రోజున నతనయేలు లేచి, దుమ్ము దులుపుకుని, నేరుగా వెళ్ళి ఎదుటి జట్టు బెంచీమీద కూర్చున్నాడు. స్టేడియమంతా విరగబడి నవ్వింది. కృప నవ్వలేదు. అప్పటికే ఆమె డాక్టర్ విట్మోర్ ప్రయోగశాలలో మెదడు గాయాల మీద పనిచేస్తోంది. పక్కనే ఉన్న వార్డులో పాత ఆటగాళ్ళు ఉండేవారు. నలభై అయిదేళ్ళకే సొంత ఇంట్లో స్నానాలగది ఎక్కడుందో మరిచిపోయినవాళ్ళు, భార్యని చూసి ఎవరమ్మా నువ్వు అని మర్యాదగా అడిగేవాళ్ళు.

దెబ్బ తగిలిన క్షణంలో జరిగే నష్టం కొంతే. ఆ తర్వాత గంటల తరబడి మెదడు కణాలు ఒకదాన్నొకటి రెచ్చగొట్టుకుంటూ, ఊరికి ఊరు అంటుకున్నట్టు తగలబడటమే అసలు నష్టం. కృప తయారుచేసిన మందు ఆ మంటకి గాలి అందకుండా తలుపులు మూసింది. ముందు ఎలుకల్లో, తర్వాత మనుషుల్లో. అయితే కొత్త జ్ఞాపకాలు లోపలికి వెళ్ళేది కూడా ఆ తలుపుల్లోంచే. మందు ఒంట్లో ఉన్నంతసేపూ మనిషి పూర్తి మెలకువగా, తన పూర్తి తెలివితో, తన పూర్తి ఒడుపుతో ఉంటాడు. జరిగిన సంగతి కాసేపు మనసులో నిలుస్తుంది, ఆ తర్వాత పలకమీద తడిగుడ్డ పెట్టినట్టు పోతుంది.

"ఆడింది గుర్తుండకపోతే పోయిందిలే," అన్నాడు నతనయేలు తోలు లేచిన అరచేతుల్ని ఊదుకుంటూ. "ముసలాణ్ణయ్యాక అమ్మ పేరు గుర్తుంటే చాలు."

*

ఆటగాళ్ళు ఆ మందుకి కర్టెన్ అని పేరు పెట్టారు. సువార్తమ్మ మాత్రం మరుపు మందు అనేది. మెంఫిస్ హెరన్స్ అనే జట్టు నతనయేలుని ఎంపికల చివరి వరసలో తీసుకుంది. హెరన్ అంటే కొంగ అని కృప చెబితే, "కొంగల జట్టా? ఎగరటం చేతనైన జట్టేలే," అంది తల్లి. ఈ జట్లన్నిటినీ నడిపే లీగ్ అనుమతితో కొద్దిమంది ఆటగాళ్ళమీద మందు పరీక్షించే ఏర్పాటు జరిగింది. స్టేడియం మెట్లకింద ఉన్న ఇరుకు గదిలో ప్రతి ఆదివారం కృప తన చేత్తోనే తమ్ముడి జబ్బకి సూది వేసేది. తర్వాత ఐసుపెట్టె పట్టుకుని సొరంగం లాంటి దారిలోంచి వెళ్ళి మైదానం అంచు గీత పక్కన నిలబడేది. ఆట ముగిశాక అతన్ని గదికి తీసుకొచ్చి, మందు దిగేదాకా దగ్గర కూర్చునేది.

మొదటి సీజను సగం గడిచేసరికే నేట్ మేకతోటి అనే పేరు నగరమంతా పాకింది. వాడు పట్టలేని బంతి లేదన్నారు. రెండు వేళ్ళతో పట్టాడు, వెల్లకిలా పడుతూ పట్టాడు, ముగ్గురు మీద పడినా వదల్లేదు. మూడో సీజనులో జట్టు ఛాంపియన్‌షిప్ గెలిచింది. గెలిపించిన బంతి అతనిదే. పిల్లలు అతని నంబరున్న చొక్కాలు తొడుక్కుని బడికి వెళ్ళారు.

విలేకరులు మైకులు పెట్టి "రెండో క్వార్టర్‌లో ఆ క్యాచ్ గురించి చెప్పండి" అంటే, అతనికి రెండో క్వార్టరే గుర్తుండేది కాదు. "నా పని నేను చేశాను," అనేవాడు. ఎంత వినయం అని పత్రికలు రాశాయి.

సోమవారం పొద్దున అక్కకి ఫోను చేసేవాడు. ఆట వీడియో ఉండేది గానీ, వీడియోలో ఉన్నవాడు తనకి ఎవడోలా కనబడతాడని అనేవాడు. అక్క నోట వింటే కొంచెం నయం. నడుం ఎందుకు పట్టేసిందో, మోచేతిమీద గాటు ఎక్కడిదో, ఎవణ్ణి చూసి నవ్వాడో, కృప అన్నీ చెప్పేది. ఉన్నది ఉన్నట్టు చెప్పేది, కల్పించేది కాదు. ఒక్క సంగతి మాత్రం ఎప్పుడూ చెప్పలేదు. గొప్ప బంతి పట్టిన ప్రతిసారీ నతనయేలు రొప్పుతూ గీత దగ్గరికి వచ్చి, హెల్మెట్ పైకెత్తి, కళ్ళనిండా వెలుగుతో ఒకటే మాట అనేవాడు.

"అక్కా, ఇది మాత్రం గుర్తుంచుకుంటాను."

మొదటిసారి విన్నప్పుడు ఆమె అటు తిరిగి కళ్ళు తుడుచుకుంది. అయిదారు సీజన్లు గడిచాక "సరేరా, నీళ్ళు తాగు" అనటం అలవాటైంది. తను కనిపెట్టిన మందుకి ఎక్కువగా అలిసిపోయింది తనేనేమో అని ఒక్కోసారి అనుకునేది. తమ్ముడి ఆదివారాలన్నీ ఆమె ఒక్కతే మోస్తోంది.

ఛాంపియన్‌షిప్ గెలిచిన రోజున, రంగుకాగితాలు వానలా రాలుతుంటే, నతనయేలు మైదానం మధ్యలో మోకాలిమీద కూర్చుని తను ప్రేమించిన లొరెయిన్ అనే అమ్మాయిని పెళ్ళాడతావా అని అడిగాడు. స్టేడియమంతా చూసింది. ఆమె ఊ అంది. ఆ సంగతి సోమవారం పొద్దున లొరెయినే అతనికి చెప్పాల్సి వచ్చింది. చెబుతూ నవ్వింది, అతనూ నవ్వాడు. నాలుగేళ్ళు కాపురం చేశారు. వెళ్ళిపోయే రోజున ఆమె కృప దగ్గరికి వచ్చి కారులోంచి దిగకుండానే మాట్లాడింది.

"ఆదివారం మనిషి నన్ను అడిగాడు. సోమవారం మనిషి ఆ మాట నిలబెట్టాలని చాలా కష్టపడ్డాడు, పాపం. నిజంగా కష్టపడ్డాడు. కానీ తను అడగలేదని లోలోపల అతనికి తెలుసు."

కారు వెళ్ళాక కృప చాలాసేపు గేటు దగ్గరే నిలబడింది.

ప్రతి చలికాలం తమ్ముడి మెదడు చిత్రాలు తీసి గోడకి తగిలించేవారు. డెబ్బై ఏళ్ళు దాటిన డాక్టర్ విట్మోర్ కళ్ళజోడు నుదుటిమీదికి నెట్టి, చిత్రాన్ని ముక్కు దగ్గరగా చూసి, "కుర్రాడి మెదడు. ఒక్క మచ్చ లేదు," అనేది. అది నిజం. మందు పనిచేసింది. అతనితోపాటు ఆడుతూ మందు వేసుకోనివాళ్ళలో ఇద్దరు అప్పటికే వార్డుకి వచ్చారు.

*

తొమ్మిదో సీజను చివర్లో ఒక ఆదివారం, ఆట సగంలో ఉండగా కృప ఫోను మోగింది. సువార్తమ్మ ఆరాధన నుంచి ఇంటికొచ్చి గుమ్మంలోనే పడిపోయింది. గుండె. ఆసుపత్రివాళ్ళు దాపరికం లేకుండానే చెప్పారు, తొందరగా రమ్మన్నారు.

కృప కోచ్‌తో మాట్లాడి తమ్ముణ్ణి బయటికి తెచ్చింది. భుజాల కవచాలు కూడా విప్పకుండానే కారెక్కించింది. సూది వేసి రెండు గంటలే అయింది. ఆ మందుకి విరుగుడు లేదు. విరుగుడు అవసరమవుతుందని ఇన్నేళ్ళలో ఆమెకి తట్టనే లేదు.

"ఏమైందక్కా? ఆట అయిపోయిందా?"

"అమ్మకి బాగాలేదురా. ఆసుపత్రికి పోతున్నాం."

అతను గట్టిగా ఏడ్చాడు. వంతెన దాటేసరికి ఏడుపు ఆగింది. కిటికీలోంచి నదిని చూశాడు. కవచాల వైపు చూసుకున్నాడు.

"ఏమైందక్కా? ఆట అయిపోయిందా?"

కృప మళ్ళీ చెప్పింది. అతను మళ్ళీ ఏడ్చాడు, అంతకుముందు ఎప్పుడూ విననట్టే. దారిపొడుగునా అలాగే అయింది. ఆసుపత్రి చేరేసరికి ఎన్నిసార్లు చెప్పిందో ఆమెకే లెక్క తప్పింది.

సువార్తమ్మకి తెలివి ఉంది. మంచం పక్కన కొడుకు కూలబడితే, ఆ భుజాల కవచాల్ని చూసి కొంచెం నవ్వింది.

"అమ్మా, ఏందే ఇది? ఇక్కడ పడుకున్నావేంది?"

"ఏంలేదురా, కాస్త ఆయాసం. గెలిచారా?"

"తెలీదమ్మా."

"గెలిచే ఉంటార్లే." తర్వాత కూతురివైపు చూసింది. బతుకంతా నర్సు పని చేసిన మనిషికి చెప్పాల్సింది ఏముంది? "వాడికి మరుపు మందు దిగలేదు కదూ?"

కృప తల అడ్డంగా ఊపింది. "నా వల్లేనమ్మా. నేను..."

"ఊరుకోవే. ఒక్కసారే చెప్పాలంటే నాకు మాటలొచ్చేయి కాదు. ఇట్టా అయితే మళ్ళీ మళ్ళీ చెప్పొచ్చు."

అలాగే చెప్పింది. కొడుకు ఉలిక్కిపడి "ఏందమ్మా ఇక్కడున్నావ్?" అని అడిగిన ప్రతిసారీ విసుక్కోకుండా జవాబిచ్చింది. ఒకసారి వాడు మొదటి అడుగు వేసిన రోజు గురించి చెప్పింది, రొయ్యల వేపుడు వాసనకి లేచి వంటింట్లోకి నడిచొచ్చాడట. ఒకసారి అక్కని కనిపెట్టుకుని ఉండమంది. ఒకసారి లొరెయిన్ మంచిపిల్లేరా అంది. ఒకసారి ఏమీ అనకుండా అతని జుట్టులోంచి గడ్డిపరక తీసి మంచం పక్కన పెట్టింది. సాయంత్రం ఎండ కిటికీలోంచి తప్పుకుంటుండగా మాట ఆగింది, కాసేపటికి ఊపిరీ ఆగింది. నతనయేలు తల్లి చేతిమీద నుదురు ఆనించి వెక్కి వెక్కి ఏడ్చాడు.

కొంచెంసేపటికి తలెత్తాడు.

"అక్కా, అమ్మ ఇక్కడ పడుకుందేంది?"

కృప ఆ ఒక్కసారి నిజం చెప్పలేకపోయింది. "నిద్రపోతోందిరా. మెల్లగా మాట్లాడు," అంది.

మర్నాడు పొద్దున, మందు పూర్తిగా దిగాక, ఎదురుగా కూర్చోబెట్టి చెప్పింది.

"నేనక్కడున్నానా?"

"చివరిదాకా ఉన్నావు. చెయ్యి పట్టుకునే ఉన్నావు."

"ఏం చెప్పింది?"

రొయ్యల వేపుడు, లొరెయిన్, గడ్డిపరక, కృప ఒక్క మాటా వదలకుండా చెప్పింది. అతను శ్రద్ధగా విన్నాడు. పక్కింటివాళ్ళ తల్లి పోతే మనం ఎంత శ్రద్ధగా వింటామో అంత శ్రద్ధగా.

"మరి నేనేమన్నాను?"

అదీ చెప్పింది.

"బాగానే అన్నానే," అన్నాడు నతనయేలు. లేచి వెళ్ళి మొహం కడుక్కున్నాడు.

*

సమాధి కార్యక్రమం అయ్యాక ఇద్దరూ తల్లి ఇంట్లోనే ఉండిపోయారు. ఒక మధ్యాహ్నం వంటింటి బల్ల దగ్గర నతనయేలు రొట్టెముక్కకి తల్లి పెట్టిన గోంగూర పచ్చడి రాసుకుంటూ అన్నాడు.

"సీజన్లో ఇంకొక్క ఆట ఉందక్కా. అది సూది లేకుండా ఆడతాను. ఆ తర్వాత మానేస్తాను."

"మానేసేవాడివి ఇప్పుడే మానెయ్యి. ఆ ఒక్కటీ ఎందుకురా?"

"తొమ్మిదేళ్ళు ఏం చేశావంటే నా దగ్గర చెప్పటానికేమీ లేదే. బస్సులు గుర్తున్నయి, హోటలు గదులు గుర్తున్నయి, సోమవారం వాపులు గుర్తున్నయి. ఆట లేదు. నాక్కూడా ఒకటి కావాలి. అంతే."

"ఒక్క దెబ్బ చాలురా. మా వార్డులో వాళ్ళని నువ్వు చూశావుగా."

"చూశాను. వాళ్ళు మర్చిపోయారు, అక్కా. నాకసలు లేదు."

పరీక్షలో ఉన్న ఏ మనిషైనా ఎప్పుడైనా తప్పుకోవచ్చునని నిబంధన ఉంది. ఎవరూ వాడుకోని నిబంధన. కానీ అతను మందు లేకుండా ఆడటానికి తగినవాడేనని ఒక డాక్టరు సంతకం పెట్టాలి. అతని డాక్టరు కృపే. ఆమె విట్మోర్ గదికి వెళ్ళింది.

"నెల తిరిగేసరికి లీగ్ కమిటీ కూర్చుంటుంది," అంది విట్మోర్. "మందు అందరికీ తప్పనిసరి చెయ్యబోతున్నారు. కాలేజీ పిల్లలతో సహా. ఇన్నేళ్ళు అద్దంలా ఉంచిన మెదడుని ఇప్పుడు ఒక సరదా కోసం..."

"సరదా కాదు మేడమ్."

విట్మోర్ కోపగించుకోలేదు. కళ్ళజోడు తీసి బల్లమీద పెట్టింది. "వార్డులో ఉన్నవాళ్ళ భార్యల్ని అడిగి చూడు కృపా. మీ ఆయన ఆదివారాలన్నీ మాకిచ్చెయ్యండి, మనిషిని మీకు తిరిగిస్తాం అని అడుగు. రెండు చేతులా ఇచ్చేస్తారు."

"ఇస్తారు. అది నిజమే," అంది కృప. "మా అమ్మ పోతోందన్న మాట వాడు ఎన్నిసార్లు విన్నాడో నేను చూశాను. ఒక్కసారి కూడా వాడికి మిగల్లేదు. అదీ నిజమే."

"ఇది అక్కగా అంటున్నావా, డాక్టరుగానా?"

"ఇద్దరూ అలిసిపోయారు మేడమ్," అని కృప సంతకం పెట్టింది.

*

ఆ ఆదివారం ఆమె స్టేడియానికి వెళ్ళలేదు. సూది పనిలేని చోట గీత పక్కన నిలబడి, అతను పరుగెత్తటం, వాళ్ళు అతని మీదికి ఉరకటం చూసే శక్తి తనకి లేదనుకుంది. తల్లి ఇంట్లో టీవీ పెట్టుకోకుండా, బియ్యం కడిగి, పప్పు పొయ్యిమీద పెట్టి, అది అడుగంటినా చూసుకోకుండా కూర్చుంది. చీకటి పడకముందే గుమ్మంలో టాక్సీ ఆగింది.

నతనయేలు లోపలికి వచ్చి వంటింటి బల్ల దగ్గర కూర్చున్నాడు. ఎడమకన్ను కింద కమిలి ఉంది. బల్ల అంచుని రెండు చేతులతో పట్టుకున్నాడు. ఆ పట్టుకోవటం చూడగానే డాక్టరుకి అర్థమైంది. చిన్న టార్చిలైటు తీసి అతని ముందుకి వచ్చింది.

"ఓడిపోయామక్కా," అన్నాడు అతను. అతని మొహం వెలిగిపోతోంది. "ఉండు, ముందు చెప్పనీ."

తల దెబ్బ తిన్నవాణ్ణి మాట్లాడించకూడదు. మసకగదిలో పడుకోబెట్టాలి. కృపకి అది తెలిసినంతగా ఆ నగరంలో ఇంకెవరికీ తెలియదు. ఆమె టార్చిలైటు పిడికిట్లో పెట్టుకుని ఎదురుగా కూర్చుంది.

అతను చెప్పాడు. మైదానంలోకి పరుగెత్తుకుంటూ వెళ్ళేటప్పుడు అరుపులు చెవులకి కాదు, ఛాతీకి తగులుతాయట. గడ్డి నిజంగానే వాసనేస్తుందట, తడిమట్టి వాసన. అతనికి కాపలా ఉన్న ఎదుటి ఆటగాడు మొదటిసారి ఎదురుగా నిలబడ్డప్పుడు, "మీ అమ్మ గురించి విన్నాను, బాధగా ఉంది బ్రదర్," అన్నాడట. అని, బంతి కదలగానే భుజంతో గుద్ది పడేశాడట.

"ఎంత గట్టిగా గుద్దాడనుకున్నావ్! నేను నేలమీద పడి నవ్వుతున్నా, వాడు భయపడ్డాడు."

మూడు బంతులు పట్టాడు. పెద్ద గొప్పవి కావు. నాలుగోది మూడో క్వార్టర్‌లో వచ్చింది. గోల్ గీత దాటి ఒంటరిగా ఉన్నాడు, దరిదాపుల్లో ఎవరూ లేరు. బంతి నేరుగా, మెత్తగా, రెండు చేతుల మధ్యకి వచ్చింది.

"వదిలేశాను."

"నువ్వా?"

"నేనే. చిన్నపిల్లాడైనా పట్టే బంతి. అది వస్తుంటే చూస్తా ఉండిపోయానక్కా. అట్టా తిరుగుతూ వస్తంటే... ఎంత బాగుందో. చేతులు మూయటం మర్చిపోయాను. జనమంతా ఒకేసారి 'అయ్యో' అన్నారు చూడూ, అంతమంది కలిసి అయ్యో అనటం నేనెప్పుడూ వినలా. ఎన్నిసార్లు విన్నానో నువ్వు చెప్పాలి. నేను వినటం మాత్రం ఇదే మొదటిసారి."

పట్టిన మూడింటి గురించి అంతగా చెప్పలేదు. వదిలేసిన దాని గురించే మళ్ళీ మళ్ళీ చెప్పాడు. చివరి క్వార్టర్‌లో పక్కనుంచి వచ్చిన దెబ్బ గురించి అడిగితే, "ఆ, తగిలింది. తెల్లగా మెరిసింది. కాసేపు ఎవరు ఎటుపక్కో తెలీలా. ఎవరికీ చెప్పలేదులే," అన్నాడు.

పప్పు మాడిన వాసన ఇల్లంతా నిండింది. ఎవరూ లేవలేదు. అతను చెప్పటం పూర్తయిందని తెలిశాక కృప లైటు వేసి అతని కళ్ళలోకి చూసింది. ఒక కనుపాప ఆలస్యంగా ముడుచుకుంది.

"నెలల పేర్లు వెనక్కి చెప్పరా."

"డిసెంబరు, నవంబరు, అక్టోబరు..." ఆగాడు. నుదురు రుద్దుకున్నాడు. "అక్టోబరు..."

"చాల్లే. పడుకో," అంది కృప. కర్టెన్లు లాగి, దుప్పటి కప్పి, పక్కనే కుర్చీ వేసుకుంది.

*

అతని ఆట అక్కడితో ముగిసింది. తలనొప్పి మాత్రం ముగియలేదు. వెలుతురు చూస్తే కళ్ళలో సూదులు గుచ్చినట్టుండేది. నెల తర్వాత తీసిన చిత్రంలో, తొమ్మిదేళ్ళుగా తెల్లకాగితంలా ఉన్నచోట, వేలిముద్రంత మసక ఒకటి కనిపించింది. విట్మోర్ దాన్ని చాలాసేపు చూసింది. "చెప్పాను కదా" అనలేదు. కృప భుజంమీద చెయ్యి వేసి వెళ్ళిపోయింది.

కమిటీ ముందు కృప పాత చిత్రాన్నీ ఈ కొత్తదాన్నీ పక్కపక్కన పెట్టి, మందు ఏమిస్తుందో చెప్పింది. తర్వాత లొరెయిన్ గురించి, ఆసుపత్రి గది గురించి చెప్పి, మందు ఏం తీసుకుంటుందో చెప్పింది. ఏది మేలో చెప్పమని ఒకాయన అడిగితే తనకి తెలియదంది. శాస్త్రవేత్త నోట ఆ మాట వినటం వాళ్ళకి నచ్చలేదు. చివరికి మందుని అందరికీ అందుబాటులో ఉంచారు, ఎవరికీ తప్పనిసరి చెయ్యలేదు. ప్రతి ఆటకి ముందూ ఆటగాడే తన నోటితో ఔననో కాదనో చెప్పాలన్నారు. ఎక్కువమంది ఔననే అంటున్నారు. వాళ్ళని తప్పుపట్టే హక్కు తనకి ఉందని కృప అనుకోలేదు. సూది వేసే పని మాత్రం ఇంకొకరికి అప్పగించి, విరుగుడు కనిపెట్టే పనిలో పడింది. అది ఇంకా పూర్తికాలేదు.

నతనయేలు తల్లి ఇంట్లోనే ఉంటున్నాడు. తలనొప్పి లేని రోజున చర్చి వెనక మైదానంలో గడ్డి కోస్తాడు. లొరెయిన్ అప్పుడప్పుడూ వచ్చి, కూర్చుని, కాఫీ తాగి వెళ్తుంది. అది ఎటు పోతుందో వాళ్ళిద్దరికీ తెలియదు.

వసంతం వచ్చాక ఒక సాయంత్రం కృప పని ముగించుకుని వచ్చేసరికి అతను నల్లకళ్ళజోడు పెట్టుకుని వసారాలో కూర్చున్నాడు. ఆమె చెప్పులు విప్పి, కాళ్ళు చాపుకుని పక్కన కూలబడింది. అతను ఆ ఆట గురించే ఎత్తుకున్నాడు. ఈ మధ్య ఎప్పుడు ఎత్తుకున్నా అది కాస్త పెరుగుతోంది.

"బంతి చేతుల్లోంచి జారిపోయింది చూడూ, సరిగ్గా అప్పుడే మంచు పడటం మొదలైందక్కా."

కృప ఆ వీడియోని ఒంటరిగా ఎన్నోసార్లు చూసింది. ఆ రోజు మబ్బు తునక కూడా లేదు. మైదానంలో మనుషుల నీడలు పొడుగ్గా, నల్లగా పడి ఉన్నాయి. ఈ మంచు ఆ వేలిముద్రంత మసకలోంచి వచ్చిందో, లేక తనదైన జ్ఞాపకానికి ప్రతి మనిషీ చేసుకునే ముస్తాబో డాక్టరుకి తెలియదు. తెలుసుకునే పరీక్షలున్నాయి. అవి రేపైనా చెయ్యొచ్చు.

ఆమె గోడకి తల ఆనించింది.

"బాగా పడిందా?" అని అడిగింది.

"లేదక్కా, సన్నగా. చేతుల మీద పడీపడగానే కరిగిపోయింది," అన్నాడు నతనయేలు.